పచ్చివాసన

చాముండేశ్వరికి వాసనలు తెలియడం మానేసి అప్పటికి రెండేళ్లు దాటింది. ఆ సంగతి తనవాళ్లలో ఎవరికీ తెలియదని ఆవిడ నమ్మకం.

ఒక చలికాలం ఇంట్లో ముగ్గురికీ వరసగా జ్వరాలొచ్చాయి. భర్త లక్ష్మీకాంతం నాలుగు రోజులు ముసుగుతన్ని పడుకుని, లేచి లాప్‌టాప్ ముందు కూర్చున్నాడు. కూతురు హాసిని వారం తిరక్కుండానే గంటన్నర దూరంలోని ఏథెన్స్‌లో కాలేజీకి వెళ్లిపోయింది. చాముండేశ్వరి కూడా లేచింది. కాఫీ పెట్టుకుందామని పొడి డబ్బా మూత తీసింది. ఎంత లోతుగా పీల్చినా ఏ వాసనా తగల్లేదు. జలుబు తగ్గితే అదే వస్తుందిలే అనుకుంది. జలుబైతే తగ్గింది. ఏడాదికోసారి వెళ్లే చెకప్‌లో డాక్టర్ని పక్కమాటగా అడిగితే, "కొందరికి తిరిగొస్తుంది, కొందరికి రాదు, ఓపిక పట్టండి" అన్నాడు.

రేపో మాపో వచ్చేదానికి ఇంత హడావుడి ఎందుకని మొదట్లో ఎవరికీ చెప్పలేదు. ఇన్నాళ్లూ చెప్పకుండా ఇప్పుడెలా చెప్పడమని తర్వాత చెప్పలేదు. అసలు కారణం ఇంకోటి ఉంది. చాముండేశ్వరి ఒక ఇన్సూరెన్స్ కంపెనీలో టెస్టింగ్ టీమ్‌కి లీడ్. వాళ్లుండే అల్ఫారెట్టాలో తెలిసినవాళ్లలో సగం మందికి ఆ ముక్క తెలియదు. ఆవిడ రొయ్యల ఇగురు మాత్రం అందరికీ తెలుసు. ఎవరింట్లో సీమంతమైనా, గృహప్రవేశమైనా, "పులిహోర చాముండక్క చేస్తుంది" అని ముందే అనేసుకునేవారు. పాతికేళ్ల వయసులో ఈ దేశం వచ్చిన కొత్తలో, ఇంగ్లిష్ మాటలు నోట్లోనే ఆగిపోయే రోజుల్లో, నలుగురిలో తనకో కుర్చీ వేయించింది ఆ వంటే. అది పోయిందని పదిమందికీ తెలిస్తే ఆ కుర్చీలో ఎలా కూర్చోవాలో ఆవిడకి తోచలేదు.

కాబట్టి కళ్లతో, చెవులతో వండుతూ వచ్చింది. ఉల్లిపాయ ఏ రంగుకొచ్చాక మసాలా వెయ్యాలో కళ్లకి తెలుసు. ఆవాలు చిటపటలాడి ఎప్పుడు సద్దుమణుగుతాయో చెవులకి తెలుసు. ఉప్పు, పులుపు, తీపి, కారం నాలుక చెప్పేది. మిగిలినదంతా పాత అలవాటు. అనుమానమొచ్చిన చోట ఫోన్‌లో టైమర్ పెట్టుకునేది.

తినడం మాత్రం పెద్ద పనైపోయింది. ముద్ద నోట్లో పెట్టుకుంటే ఉప్పగా తగిలేది, కారంగా తగిలేది, అంతే. తడిసిన అట్టముక్క నమిలినట్టుండేది. జాకెట్లు వదులయ్యాయి. స్నేహితురాలు ప్రణవి "ఏం డైట్ చేస్తున్నావక్కా, మాకూ చెప్పు" అంటే నవ్వి ఊరుకుంది. తన ఒంటి నుంచి ఎలాంటి వాసన వస్తోందోనని భయం పట్టుకుంది. రెండుపూటలా స్నానం, దాని మీద సెంటు. "అమ్మా, ఎలివేటర్‌లో అందరూ దగ్గుతారు, తెలుసా?" అని హాసిని ఒకసారి అననే అంది.

ఆ హాసినే మే నెలాఖరు లాంగ్ వీకెండ్‌కి న్యూ ఆర్లీన్స్ ట్రిప్ ప్లాన్ చేసింది. అమ్మ పుట్టినరోజు కూడా కలిసొస్తుందని ఓ సర్‌ప్రైజ్ అట్టేపెట్టింది. మూడోరోజు పొద్దున కార్లో కూర్చున్నాక చెప్పింది.

"అమ్మా, మనం వియత్నమీస్ కుకింగ్ క్లాస్‌కి వెళ్తున్నాం! ఒక ఫామ్‌లో. గార్డెన్ నుంచి మనమే ఆకులు కోసి, మనమే కుక్ చేసి, మనమే తింటాం. నీకు పర్ఫెక్ట్ కదా?"

చాముండేశ్వరి వెనక్కి తిరిగి కూతురి మొహం చూసింది. ఆ మొహంలో వెలుగు చూశాక కాదనే ధైర్యం ఎక్కడుంటుంది?

"ఎంత మంచి ఐడియానో!" అంది.

డ్రైవ్ చేస్తున్న లక్ష్మీకాంతం ఆవిడ వంక ఓసారి చూసి, మళ్లీ రోడ్డు వైపు తిరిగాడు.

న్యూ ఆర్లీన్స్ దాటి గంటసేపు వెళ్లాక ఇళ్లు పలచబడ్డాయి. రోడ్డుకి ఒక పక్క చెరుకు తోటలు, ఇంకో పక్క బయూ. ఆ ప్రాంతంలో నెమ్మదిగా పారే నీటిపాయల్ని అలా అంటారు. నీళ్ల మీద పచ్చటి నాచు, దూరంగా రొయ్యల పడవల వల కర్రలు. చాముండేశ్వరిది భీమవరం దగ్గర పల్లె. ఆ నీళ్లు చూడగానే ఉప్పుటేరు గుర్తొచ్చింది. కారు అద్దం దించింది. బురద, చేపలు, ఉప్పునీరు కలిసిన వాసన ఇక్కడ ఉండే ఉంటుంది. ఓ నిమిషం అలాగే మొహం బయట పెట్టి, తర్వాత అద్దం ఎత్తేసింది.

క్లాసు చెప్పే ఆవిడ పేరు లాన్. అరవై దాటిన మనిషి, పొట్టిగా, ఎండకి నల్లబడ్డ చేతులు, నెత్తిన గడ్డి టోపీ. చిన్నపిల్లగా ఉన్నప్పుడు వియత్నాం నుంచి వచ్చి ఈ బయూ ఒడ్డునే పెరిగిందట. ఇంగ్లిష్‌లో లూసియానా యాస, దాని అడుగున ఇంకేదో యాస. అందర్నీ "హనీ" అని పిలుస్తోంది. వీళ్లు ముగ్గురు కాక ఒహాయో నుంచి వచ్చిన రిటైరైన జంట ఒకటి, హ్యూస్టన్ నుంచి వచ్చిన ఇద్దరు నర్సులు ఉన్నారు.

ముందు తోట చూపించింది. ఇంటి వెనక ఎత్తుగా కట్టిన మడుల్లో ఆకుకూరలు. లాన్ ఒక్కో ఆకు తుంచి, వేళ్ల మధ్య నలిపి అందరికీ అందిస్తూ, "చెప్పండి, ఇది దేని వాసన?" అని అడుగుతోంది.

చాముండేశ్వరి వరసలో చివరకి జరిగి నిలబడింది. ఆకు తన దాకా వచ్చేలోగా ముందున్న వాళ్ల మొహాలు చూసేది, వాళ్ల మాటలు వినేది. నర్సు "నిమ్మ!" అంటే, తనూ పీల్చి "అవును, నిమ్మే" అనేది. ఒహాయో పెద్దాయన "లైకొరైస్ మిఠాయి‌లా ఉంది" అంటే, "కొంచెం సోంపులా కూడా ఉంది" అని తన వంతు కలిపింది. హాసిని గర్వంగా, "మా అమ్మ చాలా బాగా కుక్ చేస్తుంది, అందుకే తెలుసు" అని నర్సులకి చెప్తోంది. అది విని చాముండేశ్వరికి ఎక్కడైనా దాక్కోవాలనిపించింది.

ఎప్పుడూ చెమ్మగా ఉండే మడి దగ్గర లాన్ ఆగింది. తమలపాకుని చిన్నది చేసినట్టున్న ఆకు ఒకటి తుంచింది. ఈసారి వరస తిరగేసి, తిన్నగా చాముండేశ్వరి చేతిలో పెట్టింది.

"వంట బాగా వచ్చినవాళ్లు ముందు చెప్పాలి."

అందరూ తన వైపే చూస్తున్నారు. ఆవిడ ఆకు నలిపి, ముక్కు దగ్గర పెట్టుకుని, కళ్లు మూసుకుని పీల్చింది. "ఆహా! చాలా ఫ్రెష్‌గా ఉంది. పుదీనా లాగా."

ఆకు పక్క నర్సు చేతికి వెళ్లింది. ఆ అమ్మాయి వాసన చూడగానే తల వెనక్కి లాక్కుంది. "ఓ మై గాడ్, పచ్చి చేప!" పెద్దాయన కూడా మొహం చిట్లించాడు. హాసిని పీల్చి, నోరు మూసుకుని పకపకా నవ్వింది. "అమ్మా! ఇది పుదీనానా? యూ ఆర్ సో పొలైట్!"

అందరూ నవ్వారు. చాముండేశ్వరి కూడా నవ్వింది. లాన్ ఒక్కతే నవ్వలేదు. ఆవిడ మొహం వంక ఓ క్షణం చూసి, "పదండి, ఎండెక్కుతోంది" అని అందర్నీ లోపలికి నడిపించింది.

వంట జరిగేది ఇంటి పక్కన రేకుల షెడ్డులో. పెద్ద బల్ల, గోడ వెంబడి నాలుగు గ్యాస్ పొయ్యిలు. ఆ రోజు చేసేది బాన్ సెయో. బియ్యప్పిండిలో కొబ్బరిపాలు, పసుపు కలిపి పల్చగా పోసే అట్టు, దాని లోపల రొయ్యలు, మొలకలు. ఆకుల్లో చుట్టుకుని పులుసులాంటి సాస్‌లో ముంచుకుని తింటారు. లాన్ చేపల సాస్ సీసా మూత తియ్యగానే నర్సులిద్దరూ ముక్కులు మూసుకున్నారు. చాముండేశ్వరి కూడా ఒక అర క్షణం ఆలస్యంగా ముక్కు మూసుకుంది.

తలా ఒక పని పంచారు. పైన చల్లుకోవడానికి చిన్న ఉల్లిపాయలు సన్నగా తరిగి నూనెలో వేయించే పని చాముండేశ్వరికి వచ్చింది. అది ఎన్ని వందలసార్లు చేసిందో. కాకపోతే ఇంట్లో పొయ్యి వేరు, ఈ పొయ్యి మంట వేరు. మూకుడు నల్లగా ఉండి లోపలి రంగు సరిగా కనబడలేదు. పక్కన పెద్ద ఫ్యాన్ హోరుకి చిటపటలు వినబడలేదు. ఫోన్ కారులో వదిలేసి వచ్చింది. ఇంకా తెల్లగానే ఉన్నాయిలే అనుకుని, మొలకలు కడగడానికి రెండడుగులు పక్కకి తిరిగింది.

అప్పుడు లక్ష్మీకాంతం షెడ్డుకి ఆ చివర పెద్దాయనతో కలిసి రొయ్యలు వలుస్తున్నాడు. ఎవరూ ఏమీ అనకముందే చేతిలో రొయ్య పారేసి పరుగెత్తుకొచ్చి పొయ్యి ఆపేశాడు. మూకుడు ఎత్తి పక్కన పెట్టాడు. అప్పుడు లేచింది పొగ, నల్లగా.

"అమ్మా, నువ్వు ఇక్కడే ఉన్నావు కదా!" హాసిని దగ్గుతూ వచ్చింది. "అంత మాడు స్మెల్ వస్తుంటే నీకు తెలియలేదా?"

చాముండేశ్వరి బదులు లక్ష్మీకాంతమే అందుకున్నాడు. "ఏం లేదురా, పొద్దున్నించి ఎండలో తిరిగింది, తల తిరిగి ఉంటది. అంతే." చాలా మామూలుగా అన్నాడు. ఆ మామూలుతనంలో ఎంతో అలవాటుంది. ఆవిడ అతని మొహంలోకి చూసింది. అతను చూపు తిప్పుకున్నాడు.

చెయ్యి తుడుచుకుని ఆవిడ షెడ్డు వెనక్కి నడిచింది. బయూ ఒడ్డున చిన్న చెక్క వంతెన ఉంది, పడవ కట్టుకునేది. వెనకాలే అతను వచ్చాడు.

"మీకు తెలుసు కదూ?" అంది, నీళ్ల వైపు తిరిగే.

అతను వచ్చి పక్కన నిలబడ్డాడు. "తెలుసు."

"ఎప్పటినుంచి?"

"పోయినేడు ఎండాకాలం. ఒకరోజు కాఫీ ఇచ్చినవు. పాలు విరగలేదు గానీ పాడైపోయినయి, కప్పు దగ్గరికి తెస్తేనే వాసన. నువ్వు నా ముందే అదే కాఫీ తాగుతున్నవు."

"మీరు తాగారా?"

"సగం."

"సగం ఎందుకు తాగారు?"

"ఏం చెయ్యాలో తోచలే."

ఆ తర్వాత నుంచి రోజూ పొద్దున్నే ఆవిడ కంటే ముందు లేచి పాలు వాసన చూసి పెట్టడం, ఫ్రిజ్‌లో పాడైనవి తీసి పారెయ్యడం, ఆవిడ వంట చేసి వచ్చాక ఏదో పనున్నట్టు వెళ్లి పొయ్యి నాబ్‌లు చూసి రావడం అలవాటు చేసుకున్నాడట. తల వంచుకుని చెప్పాడు.

ఆవిడకి ఏడుపొస్తుందేమో అనుకున్నాడతను. కానీ వచ్చింది కోపం.

"ఏడాదిగా నా వెనకాల కాపలా తిరుగుతున్నారా? ఒక్కసారి అడగాలనిపించలేదా? చిన్నపిల్లకి చూసినట్టు చూస్తూ, పైగా 'చాలా బాగుంది, చాలా బాగుంది' అని తిన్నారే. అవన్నీ అబద్ధాలేగా?"

"అన్నీ కాదు."

"ఏవి కాదు? ఏవి అబద్ధం? చెప్పండి."

అతను పడవ కట్టే తాడు సర్దాడు. ఆవిడ వదల్లేదు. చివరికి ఒప్పుకున్నాడు. "మొన్న ఉగాదికి భాస్కర్ వాళ్లింటికి చేసిన పులిహోర. ఇంగువ రెండుసార్లు పడ్డది అనుకుంట. కిచెన్ నుంచి హాల్ దాకా అదే వాసన."

"అది ముప్పై మంది తిన్నారు!"

"తిన్నరు. ప్రణవి రెండోసారి కూడా పెట్టుకున్నది."

"ఎందుకు పెట్టుకుంది?"

"నువ్వు చూస్తున్నవని."

ఆవిడ మొహం రెండు చేతుల్లో దాచుకుంది. భుజాలు కదులుతుంటే ఏడుస్తోందనుకుని అతను దగ్గరికి వచ్చాడు. సగం ఏడుపు, సగం నవ్వు. పాపం ప్రణవి, ఆ ఇంగువ ముద్దలు మింగుతూ "సూపర్ అక్కా" అన్న మొహం గుర్తొచ్చి నవ్వు ఆగలేదు. నవ్వు ఆగాక మాత్రం కాసేపు నిజంగానే ఏడ్చింది. అమ్మ పంపిన వడియాల డబ్బా మూత తీసి, అందులో ఏమీ లేనట్టనిపించి, బాత్రూంలోకి పోయి కూర్చున్న రోజు గురించి చెప్పింది. ఎవరితోనైనా చెప్పడం అదే మొదలు.

"నువ్వే చెప్తవేమోనని చూసిన," అన్నాడతను. "నువ్వు దాస్తున్నవంటే, అడిగితే నీకు చిన్నతనమైతదని."

"నాకు చిన్నతనమైనా మీరు అడగాల్సింది."

"అవును," అన్నాడు. ఇంకేం సమర్థించుకోలేదు.

వెనక చెక్కల చప్పుడైంది. హాసిని నిలబడి ఉంది. ఎంతసేపటి నుంచి వింటోందో, కళ్లు నిండి ఉన్నాయి.

"అమ్మా, నీకు స్మెల్ రాదా? రెండు యియర్స్? నేను నీకు కుకింగ్ క్లాస్ గిఫ్ట్ ఇచ్చాను. ఐ యామ్ సో స్టుపిడ్."

"నీకేం తెలుసమ్మా, చెప్పందే?" చాముండేశ్వరి కూతుర్ని దగ్గరకి తీసుకుంది. ఆ అమ్మాయి తల తన గడ్డం కింద ఆనింది. ఏ షాంపూ వాడుతోందో ఇప్పుడు తనకి తెలియదు. "తిట్టుకుంటే నన్ను తిట్టు, మీ నాన్నని తిట్టు. నువ్వు మాత్రం కాదు."

ముగ్గురూ తిరిగి షెడ్డుకి వచ్చేసరికి మిగతావాళ్లు బల్ల చుట్టూ ఆకులు ఏరుతున్నారు. లాన్ ఒక గిన్నె, నిమ్మకాయలు, పంచదార, వెల్లుల్లి, మిరపకాయలు, చేపల సాస్ సీసా తెచ్చి చాముండేశ్వరి ముందు పెట్టింది.

"ముక్కు పనిచెయ్యడం లేదు కదా?" అంది నెమ్మదిగా, పక్కవాళ్లకి వినపడకుండా.

చాముండేశ్వరి తలూపింది. రెండేళ్లు మోసిన మాటకి తల ఒక్కసారి ఊపితే సరిపోయింది.

"మా ఆయన పడవ మీద జారి పడి తల వెనక దెబ్బ తగిలించుకున్నాడు. అప్పటినుంచి ఆయనకి అంతే. నేనూ ఆ ఆకు ఇచ్చి చూశాను. తులసి అన్నాడు." లాన్ మొహంలో చిన్న నవ్వు. "నిన్ను నలుగురిలో అడిగి ఉండకూడదు. అనుమానమొచ్చి ఇచ్చాను గానీ, వాళ్లు అలా నవ్వుతారనుకోలేదు. క్షమించు."

"ఆయన అన్నం ఎలా తింటారు?"

"మొదట తినలేదు. చిక్కిపోయాడు, అందరి మీదా అరిచేవాడు. తర్వాత తర్వాత కరకరలాడేవి, చల్లటివి, మంట పుట్టించేవి అడగడం మొదలుపెట్టాడు. ఇంట్లో ఈ సాస్ ఇప్పుడు ఆయనే చేస్తాడు. దీనికి కావలసింది నాలుకే. పులుపు, తీపి, ఉప్పు, కారం. ఒకటి ఎక్కువైతే ఇంకోటి పోస్తాం. చెయ్యి, అందరికీ సరిపడా."

చాముండేశ్వరి నిమ్మకాయలు పిండింది. పంచదార కరిగించి, నీళ్లు పోసి, సాస్ కలిపింది. చెంచాతో నాలుక మీద వేసుకుంది. ఉప్పు ముందు తగిలింది. పులుపు వెనకబడింది. ఇంకో చెక్క పిండింది. ఈసారి దవడలు లాగాయి, కానీ తీపి చాలా ఆలస్యంగా వస్తోంది. అర చెంచా పంచదార వేసింది. మిరపకాయ గింజలతో సహా దంచి వేసింది. చెంచా తర్వాత చెంచా, పక్కవాళ్లని మరిచిపోయి, కళ్లు సగం మూసుకుని అలా రుచి చూస్తూ పోయింది. ఎవరి మొహం చూసీ తెలుసుకోవాల్సిన పని లేదు. అన్నీ తనకే తెలుస్తున్నాయి.

లాన్ రుచి చూసింది. కొంచెం ఆలోచించింది. "మా ఆయనది ఇంకా కారంగా ఉంటుంది," అంది. తర్వాత ఇంకో చెంచా తీసుకుంది.

అట్లు పోసే వేళయింది. లాన్ ఫ్యాన్ ఆపించింది. "సెయో అంటే ఆ చప్పుడే. పిండి పడగానే మూకుడు ఆ మాట అనాలి. అనకపోతే ఇంకా వేడెక్కలేదని." నర్సుల అట్టు ముద్దయింది. పెద్దాయనది చిరిగింది. చాముండేశ్వరి గరిటెడు పిండి పోసి, మూకుడు రెండు చేతులా పట్టుకుని గుండ్రంగా తిప్పింది. సుయ్యిమంది. ఆ చప్పుడు ఎప్పుడు సన్నబడుతుందో, అంచు ఎప్పుడు లేస్తుందో చూసుకుని మడిచి పళ్లెంలోకి జార్చింది. దోసెలు పోసిన చెయ్యి. అందరూ చప్పట్లు కొట్టారు.

రొయ్యల దగ్గర మాత్రం ఆగిపోయింది. వెల్లుల్లితో వేగుతున్నాయి. రంగు మారింది, కానీ అయ్యాయో లేదో నమ్మకం కుదరలేదు. అలవాటు ప్రకారం ఊహ మీద దించేయబోయి, ఆగి కూతుర్ని పిలిచింది.

"హాసినీ, ఇలా రా. వెల్లుల్లి పచ్చివాసన పోయిందేమో చూడు."

"పచ్చివాసన అంటే?"

చాముండేశ్వరి తెల్లబోయింది. ఇరవయ్యేళ్ల పిల్ల, పుట్టినప్పటి నుంచి తన చేతి వంటే తిన్న పిల్ల. 'పచ్చివాసన పోయేదాకా వేయించాలి' అని ఫోన్‌లో ఎంతమందికి చెప్పిందో. కూతురికి ఎప్పుడూ చెప్పాల్సిన అవసరం రాలేదు, ఎందుకంటే వంటింట్లోకి ఎప్పుడూ రానివ్వలేదు.

"అంటే… తరిగినప్పుడు ముక్కుకి గుచ్చినట్టు వస్తుంది చూడు, ఘాటుగా, కొంచెం మట్టిమట్టిగా. అది. వేగుతున్నకొద్దీ ఆ గుచ్చడం పోతుంది. మెత్తబడుతుంది. తీయగా అవుతుంది. అప్పుడు ఆకలేస్తుంది. ఆ మారే చోటు నువ్వు పట్టుకోవాలి."

హాసిని మూకుడు మీదకి వంగింది. కళ్లు మూసుకుంది. "ఇప్పుడు గుచ్చుతోంది." కాసేపాగి, "కొంచెం గుచ్చుతోంది." మళ్లీ ఆగింది. ఉన్నట్టుండి కళ్లు తెరిచింది. "ఓ! అమ్మా, మారింది! ఇట్ జస్ట్ చేంజ్‌డ్. అది పోయింది!"

"అయితే దించు," అంది చాముండేశ్వరి. ఆ వాసన ఎలా ఉంటుందో ఇప్పుడు తమ ఇంట్లో ఇంకొకరికి తెలుసు.

బల్ల చుట్టూ కూర్చుని అందరూ కలిసి తిన్నారు. వేడి అట్టు విరిచి, చల్లటి లెట్యూస్ ఆకులో పెట్టి, మూడు రకాల ఆకులు చేర్చి, చుట్టి, సాస్‌లో ముంచి నోట్లో పెట్టుకుంది చాముండేశ్వరి. ముందు కర్రుమంది. తర్వాత వేడి, వెంటనే ఆకు చల్లదనం. పుదీనా వాసన రాలేదు గానీ, దాని చలవ నాలుక మీద గాలిలా పాకింది. పులుపు దవడల్లో, మిరప పెదాల మీద. రుచి పూర్తిగా లేదు. ఒకప్పుడు ఉన్నదాంట్లో సగం కూడా లేదు. అయినా అట్టముక్కలా లేదు. నోరు ప్రతి ముద్దకీ మేలుకుంటోంది. ఒకటి తింది. రెండోది చుట్టుకుంది. మూడోదానికి చెయ్యి చాస్తుంటే లక్ష్మీకాంతం తినడం ఆపి తననే చూస్తున్నాడు.

"అలా చూడకండి," అంది. "నా ముద్ద నేను తింటా."

అతను తల వంచుకుని తన పళ్లెం చూసుకున్నాడు. కానీ నవ్వు దాచుకోలేకపోయాడు.

తిరుగు ప్రయాణంలో హాసిని వెనక సీట్లో నిద్రపోయింది. చాముండేశ్వరికి కోపం పూర్తిగా పోలేదని లక్ష్మీకాంతానికి తెలుసు. మొబైల్ అనే ఊరు దాటాక ఆవిడే అంది.

"ఇకనుంచి బాగోకపోతే బాగోలేదని చెప్పాలి. అప్పటికప్పుడు. ఎవరున్నా సరే."

"చెప్తా."

"నా వెనకాల వెళ్లి పొయ్యి చూడకూడదు. నా ముందే చూడాలి."

"సరే."

"పాలు నేనే అడుగుతా, వాసన చూడమని. మీరు దొంగలా లేవక్కర్లేదు."

"సరే చాముండీ."

అనడం తేలికే. ఇంటికొచ్చిన వారానికి గానీ ఆ మాట ఎంత గట్టిదో తేలలేదు. ఆదివారం పొద్దున దొండకాయ వేపుడు చేస్తోంది. అతను వంటింటి గట్టు దగ్గర నిలబడి పేపర్ ప్లేట్లు సర్దుతున్నాడు. మధ్యాహ్నానికి ప్రణవి వాళ్లు భోజనానికి వస్తున్నారు. వచ్చే నలుగురికీ విషయం ఫోన్‌లో ముందే చెప్పేసింది. ప్రణవి అవతల్నుంచి, "అయితే ఆ పులిహోర…" అని నవ్వేసింది.

అతను రెండుసార్లు గొంతు సవరించుకున్నాడు. మూడోసారి అనేశాడు.

"కొంచెం మాడు వాసనొస్తుంది."

ఆవిడ మూకుట్లోకి చూసింది. "రంగు బాగానే ఉందిగా?"

"రంగు తెల్వదు. వాసనైతే వస్తుంది."

"ఏది, ముక్కలా? పోపా?"

అతను వంగి పీల్చాడు. ఇన్నేళ్ల కాపురంలో ఇంతటి ప్రశ్న అతన్ని ఎవరూ అడగలేదు. "పోపు. కాదు, ఆగు. అడుగున ముక్కలు."

అట్లకాడతో అడుగు కదిపింది. నిజంగానే రెండు ముక్కలు నల్లబడి అంటుకుని ఉన్నాయి. ఏడాదిలో మొదటిసారి అతను తన వంట బాగోలేదన్నాడు. ఉడుక్కోవాలనిపించింది, ఊపిరి తీసుకున్నట్టూ అనిపించింది. రెండూ ఒకేసారి ఎలా అనిపిస్తాయో ఆవిడకే అర్థం కాలేదు. మంట తగ్గించి, నల్లబడ్డవి ఏరి పారేసింది.

"ఇప్పుడు?"

"ఇప్పుడు మంచిగుంది. కొంచెం కారప్పొడి వెయ్యి, ఇంకా మంచిగుంటది. ఇప్పుడు జీలకర్ర వాసనొస్తుంది. ఇప్పుడు కొబ్బరి…"

"చాలండీ బాబూ, ఊపిరాడనివ్వండి," అంది. "ప్లేట్లు పెట్టండి. వాళ్లొచ్చే టైమైంది."